ఒకే గది, ఒకే పటం

(సాదలి యువజన కూడికలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ కూడికలో కంప్యూటర్ మీద ఆడే ఆట గురించి మాట్లాడతామని చెప్పగానే కొందరు పెద్దలు నొచ్చుకున్నారు. ప్రార్థనకు వచ్చిన పిల్లలకు పాచికలు నేర్పుతారా అన్నారు. వారి భయం ఊరికే వచ్చింది కాదు. పట్టుగూళ్లు అమ్మిన డబ్బు రాత్రికి రాత్రి ఫోన్‌లో రమ్మీకి పోయిన ఇళ్లు మన చుట్టుపక్కల పల్లెల్లో ఉన్నాయి. అలాంటి ఆటలను తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో నిషేధించాయి. మన కర్ణాటక 2021లో తెచ్చిన చట్టసవరణలోని ముఖ్యమైన భాగాలను 2022 ఫిబ్రవరిలో హైకోర్టు కొట్టివేసింది. చివరికి 2025 ఆగస్టులో పార్లమెంటే చట్టం చేసింది. ఆ చట్టం కూడా డబ్బు పెట్టే ఆటను, సరదాగా కలిసి ఆడుకునే ఆటను వేరుచేసి చూసింది. మనమూ అలాగే చూద్దాం. సిలువ కింద సైనికులు ప్రభువు అంగీ కోసం చీట్లు వేసుకున్నది ఒక ఆట. యెరూషలేము వీధులు ఆడుకునే పిల్లలతో నిండిపోతాయని జెకర్యా 8వ అధ్యాయంలో ప్రవక్త చూసినది ఇంకో ఆట. ఈ రోజు మాట రెండోదాని గురించే.

మేము ఎంచుకున్న ప్రోగ్రాం పేరు వాసల్. ఇంగ్లీషులో ఆ మాటకు సామంతుడు అని అర్థం, కానీ దీన్ని వాడితే ఎవరికీ కప్పం కట్టనక్కర్లేదు. ఉచితం. దాని కోడ్ కూడా అందరికీ తెరిచే ఉంటుంది. ఫోన్‌లో నడవదు, కంప్యూటర్ కావాలి. అందులో దొరికేవాటిలో యుద్ధపు ఆటలే ఎక్కువ, వాటితో మనకు పని లేదు. మాకు నచ్చిన సంగతి వేరే ఉంది. పటం బొమ్మ, పావుల బొమ్మలు ఇస్తే మన ఆటను మనమే అందులో పెట్టుకోవచ్చు. మేము పులి-మేక పెట్టాం. బండ మీద సుద్దతో పటం గీసి, ఫోటో తీసి, 3 పులులు, 15 మేకలు చేర్చాం. దాన్ని వాళ్ల భాషలో మాడ్యూల్ అంటారు. మన భాషలో ఆట సామాన్ల డబ్బా అనుకోండి.

ఇక కలిసి ఆడటం ఎలాగంటే, ముందు అందరి దగ్గరా అదే డబ్బా, అదే వెర్షన్ ఉండాలి. ఒకరిది పాతది, ఇంకొకరిది కొత్తది అయితే ఆట సరిగ్గా సాగదు. డబ్బా తెరిచి, పేరు, పాస్‌వర్డ్ పెట్టుకుని, సర్వర్ బటన్ నొక్కి కనెక్ట్ అవ్వాలి. లోపల గదులు కనిపిస్తాయి. ఒకరు కొత్త గది తెరుస్తారు, మిగతావాళ్లు దాని పేరు మీద రెండుసార్లు నొక్కి లోపలికి వస్తారు. చాలామంది ఇక్కడికే పని అయిపోయిందనుకుంటారు. గదిలో నా పేరు కనిపిస్తోంది, నీ పేరు కనిపిస్తోంది, నమస్తే అంటే నమస్తే వస్తోంది. కానీ ఒకరు మేక జరిపితే అది రెండోవారి పటంలో జరగదు. ఎందుకంటే ఇద్దరూ ఒకే గదిలో ఉన్నారు గానీ ఎవరి పటం వాళ్ల ముందే ఉంది. ఆట నడుపుతున్నవారి పేరు మీద కుడి బటన్ నొక్కి సింక్రనైజ్ అనేది ఎంచుకోవాలి. అప్పుడే అందరి ముందూ ఒకే పటం నిలుస్తుంది.

ఈ ఒక్క మెట్టు నేర్పుతున్నప్పుడల్లా మాకు అంతియొకయ గుర్తొస్తుంది. గలతీ పత్రిక 2వ అధ్యాయం తీసి చూడండి. పేతురు అక్కడ అన్యజనులతో కలిసి భోంచేస్తూ వచ్చాడు. యెరూషలేము నుంచి యాకోబు తరఫు మనుషులు రాగానే వారికి భయపడి మెల్లగా బల్ల దగ్గర నుంచి జరుగుకున్నాడు. ఆయన్ని చూసి మిగతా యూదులూ జరిగారు, చివరికి బర్నబా కూడా. ఎవరూ సంఘం వదిలి పోలేదు. అందరూ ఆ గదిలోనే ఉన్నారు, బల్ల మాత్రం రెండయ్యింది. పౌలు అందరి ముందే పేతురును నిలదీశాడు. ఇది భోజనాల ఏర్పాటు గొడవ అని ఆయన వదిలిపెట్టలేదు, సువార్త సత్యానికే దెబ్బ అన్నాడు. ఒకే ఆరాధనకు వచ్చి, బయట రెండు శ్మశానాలు, పెళ్లిళ్లలో రెండు పంక్తులు ఉంచుకున్న సంఘాలు మన మధ్య లేవా? హాజరు పట్టీలో అందరి పేర్లూ ఉంటాయి. పటం మాత్రం ఎవరిది వారిదే.

పులి-మేక కూడా ఈ లెక్కకు బయట లేదు. పాత గుడి మంటపాల బండల మీద చెక్కిన ఆ పటాలు చూసే ఉంటారు. ఆ బండ మీద కూర్చుని ఆడినవాళ్లెవరు, కింద నిలబడి చూసినవాళ్లెవరు? మీ తాతను, అవ్వను అడిగితే చెబుతారు. ఇదంతా పాతకాలం మాట అనేవారికి ఒక ఊరి పేరు గుర్తుచేయాలి. మన పక్క చింతామణి తాలూకా కంబాలపల్లిలో 2000 మార్చి 11న ఏడుగురు దళితులను సజీవంగా తగలబెట్టారు. 2014లో హైకోర్టులోనూ నిందితులు నిర్దోషులుగా బయటపడ్డారు. ఇక్కడున్న యువకుల్లో కొందరు అప్పటికి పుట్టి కూడా ఉండరు. ఆ ఊరి పేరు మీకు తెలియాలి.

తెర మీద ముఖం కనిపించదు, కాబట్టి కులం కనిపించదని కొందరు అంటారు. మా అనుభవం అలా లేదు. మా యువకుడొకరు వేరే ఆటలో తెలియని గదిలో చేరితే, పది నిమిషాలకల్లా వచ్చిన ప్రశ్న: ఏ ఊరు బ్రో, ఊళ్లోనా, కాలనీలోనా? జవాబు చెప్పాక గది ఖాళీ అయింది. అందుకే మా గదికి కొన్ని కట్టుబాట్లు పెట్టుకున్నాం. ఇంటిపేరు అడగకూడదు. అడిగినవారితో గది తెరిచినవారు మాట్లాడతారు, వినకపోతే బయటికి పంపుతారు. ఆ అధికారం ప్రోగ్రాంలోనే ఉంది. అసలు ఈ ప్రోగ్రాంకు పులి ఎలా దూకాలో, మేక ఎలా కదలాలో తెలియదు. తప్పుడు ఎత్తు వేసినా ఆపదు. ఎవరు ఏం జరిపారో పక్కన వరుసగా రాసి చూపిస్తుంది, అంతే. నియమాలు నిలబెట్టాల్సింది ఆడేవాళ్లే. మాకు అదే మేలనిపించింది.

కరెంటు సంగతి, నెట్ సంగతి మీకు వేరే చెప్పాలా? 2020 ఆగస్టు 30న ఆన్‌లైన్ చెస్ ఒలింపియాడ్ ఫైనల్‌లో మన జట్టుకే ఇది జరిగింది. కోనేరు హంపి, పెంటేల హరికృష్ణ ఉన్న జట్టు అది. రష్యాతో ఆడుతుండగా నిహాల్ సరీన్‌కు, దివ్యా దేశ్‌ముఖ్‌కు కనెక్షన్ తెగిపోయి టైమ్ అయిపోయింది. ముందు రష్యా గెలిచిందన్నారు. మన జట్టు అభ్యంతరం చెప్పాక విచారించి ఇద్దరికీ బంగారు పతకం ఇచ్చారు. తీగ తెగడం ఓటమి కాదని అంత పెద్ద సంస్థ ఒప్పుకుంది. మరి నెట్ తెగిన పిల్లవాడిని బద్ధకస్తుడని హాజరులో కొట్టేసే బడికి, సంఘానికి ఆ మాత్రం ఓపిక ఉండాలా, వద్దా? మా గదిలో ఎవరి నెట్ తెగినా పది నిమిషాలు ఆగుతాం. అప్పటికీ రాకపోతే ఆ ఆటను ఫైలుగా దాచి మెయిల్ చేస్తాం. అతను తన ఎత్తు వేసి తిరిగి పంపుతాడు. అలా మొదలైన ఒక ఆట మాకు మూడు వారాలు నడిచింది, మేకలే గెలిచాయి.

ఇంకొక్క ఇబ్బంది. మనకు ఇంట్లో తెలుగు, బడిలో కన్నడం, తెర మీద ఇంగ్లీషు. అక్షరాలు చూసి వెనక్కి తగ్గే ఆడపిల్లల కోసం బటన్ల పేర్లు తెలుగులో, కన్నడంలో ఒక కాగితం మీద రాసి ఉంచాం. పోయేటప్పుడు తలా ఒకటి తీసుకోండి.

సంఘం దగ్గర ల్యాప్‌టాప్‌లు రెండే ఉన్నాయి. ఒక్కోదాని దగ్గర నలుగురు కూర్చోవచ్చు. బెంగళూరులో పనిచేసే మన పిల్లలు రాత్రి ఎనిమిదికి గానీ రూముకు చేరరు, కాబట్టి శనివారం ఎనిమిదిన్నరకు గది తెరుస్తాం. డబ్బా కావాల్సినవాళ్లు పెన్‌డ్రైవ్ తెచ్చుకోండి. ఆడటం రానివాళ్లు ముందు చూసేవారిగా చేరి, మంటపం దగ్గర లాగే సలహాలు ఇస్తూ కూర్చోవచ్చు. మొదటి ఆటలో పులులు కాలనీ పిల్లలవి, మేకలు ఊరి పిల్లలవి. రెండో ఆటకు మార్చుకుంటాం.