గేటుకడ పోలీసు ఎవరి మనిషి?



సమ్మె సాగుచున్న కర్మాగారపు గేటుకడ లాఠీతో నిలిచిన పోలీసును జూచి, దారిని బోవువాడు "ఇతడెవరి మనిషి?" యని యడుగును. ఆ ప్రశ్నకే నేడు మేము ప్రత్యుత్తరము చెప్పదలచినాము. ధాన్యపు మిల్లులతోను, రొయ్యల శుద్ధి కర్మాగారములతోను బ్రదుకు భీమవరమునకు ఇది కేవలము న్యాయవాదుల ప్రశ్న కాదు.

తగాదా ముదిరినప్పుడు యజమాని హైకోర్టులో రిట్టు పిటిషను వేసి, తన సరకు రాకపోకలకును, పనికి రాదలచినవారి క్షేమమునకును పోలీసు బందోబస్తు నిప్పింపుడని కోరుటకలదు. ఈ కోరికలో దోషములేదు. ప్రాణమునకును సొత్తునకును రక్షణమిచ్చుట రాజ్యధర్మము. చిక్కంతయు ఆ యుత్తరువు ఎంతవఱకు పోవలెనన్న చోటనే కలదు.

ఈ చరిత్ర మనకు దూరము కాదు. గోదావరి మండలము మద్రాసు రాజధానిలో నున్న దినములలో, 1920లో, బకింగుహాము కర్నాటిక్ మిల్లుల తగాదా వచ్చెను. బిన్నీ కంపెనీవారు మద్రాసు హైకోర్టు కెక్కి, కార్మికనాయకుడగు వాడియాగారిమీదను ఆయన సహచరులమీదను నిషేధాజ్ఞ పొందిరి. కూలివారిని కూడగట్టుటయే కోర్టుకెక్కవలసిన తప్పైనచో సంఘమెట్లు బ్రదుకును? 1921లో జోషీగారు కేంద్ర శాసనసభలో తీర్మానము తెచ్చిరి. 1926లో ట్రేడు యూనియనుల చట్టము పుట్టెను. కార్మికసంఘముల కది యొసగిన రక్షణము 2020 సంవత్సరపు పారిశ్రామిక సంబంధముల స్మృతిలోనికిని దిగివచ్చినది.

అమెరికాదేశమువారు 1932లో నింకొక మెట్టెక్కిరి. పారిశ్రామిక వివాదమున న్యాయమూర్తి నిషేధాజ్ఞ నిచ్చుటకు ముందు బహిరంగ విచారణలో సాక్షుల వినవలెను; యజమాని సొత్తును కాపాడవలసిన అధికారులు కాపాడలేకున్నారనియో, కాపాడనొల్లకున్నారనియో నిర్ధారణచేయవలెను. అనగా ముందు సాక్ష్యము, తరువాత ఉత్తరువు. మన సుప్రీముకోర్టును 2006లో కేరళనుండి వచ్చిన యొక వ్యాజ్యమున, పోలీసు రక్షణకై వేయు రిట్టునకు పరిధి స్వల్పమనియు, తేలని హక్కులను తేల్చుకొనుటకు అది సాధనము కాదనియు చెప్పినది. అది కూలి తగాదా కాదు; ఐనను ఆ సూత్రము గేటుకడ నిలిచిన కూలివానికిని వర్తింపదగినదే.

హద్దు చెఱగినచోట నేమగునో మన పొరుగుననే చూచితిమి. 2012 జనవరి 27న యానాములోని రీజెన్సీ సిరామిక్సు తగాదాలో, పోలీసులకును కార్మికులకును ఘర్షణ జరిగి కార్మికనాయకుడొకడు మరణించెను. ఆ కోపావేశమున కంపెనీ అధ్యక్షుడు హతుడయ్యెను, కర్మాగారము తగులబడెను. ఇరువైపుల ఇండ్ల దీపములారెను. వేలమంది కూడు పోయెను. లాఠీ గుంపును చెదరగొట్టగలదేమో కాని, వేతనమెంతయో తేల్చలేదు. ఆ పని మాటలాడుకొను బల్లకడనే జరుగవలెను.

కావున మేము కోరునది మూడు మాటలు. మొదటిది: ప్రాణాపాయము కన్నులయెదుట నున్నదన్న సందర్భమున తప్ప, కార్మికసంఘమునకు నోటీసు నిచ్చి దాని మాట వినక ఉత్తరువు చేయరాదు. రెండవది: ఏ చోట, ఎన్ని దినములు, ఏ పనికి రక్షణమో ఉత్తరువులోనే వ్రాయవలెను, రోడ్డుపై శాంతముగ కూర్చున్నవానిని లేవగొట్టుటకు అది పత్రము కారాదు. మూడవది: ఆ ఉత్తరువు చేయునాడే కార్మికశాఖాధికారి యెదుట ఇరుపక్షములును హాజరు కావలసిన దినము నిర్ణయింపవలెను.

కార్మిక సోదరులతోను ఒక మాట. 1962లో సుప్రీముకోర్టు శాంతియుత ప్రదర్శనను వాక్స్వాతంత్ర్యములో భాగముగ గుర్తించెను. గుర్తించినది శాంతియుత ప్రదర్శననే. లారీకి అడ్డుపడి డ్రైవరుపై చేయెత్తినవాడును, పనికి పోవు తోటికూలిని బెదరించినవాడును యజమాని పిటిషనును తన చేతులారా వ్రాసియిచ్చుచున్నాడు. సంఘము తన మనుషులను తానే అదుపులో నుంచుకొన్న దినమున, యజమాని కోర్టులో ఏమని మొఱపెట్టుకొనును?

మా ప్రత్యుత్తర మిది. గేటుకడ నిలిచిన పోలీసు యజమాని కాపలావాడు కాడు, కార్మికుల విరోధియు కాడు. లోపలికి పోవు కూలిని, వెలుపల కూర్చున్న కూలిని సమముగ కాపాడునంతవఱకే ఆతని లాఠీకి ధర్మబలము కలదు. ఆ సమత్వమును ఉత్తరువులో నిలుపవలసిన భారము న్యాయస్థానముది. దానిని అడిగి పొందవలసిన భారము మనది.