కాలు ఇచ్చాం, మెట్లు అలాగే ఉంచాం

(స్మారకోపన్యాసం)



వైకల్యం, చరిత్ర, సంస్కృతి అని ఆహ్వానపత్రంలో నిర్వాహకులు చాలా పెద్ద మాటలే వేశారు. అంత బరువు నేను మోయలేను. అందుకని ఒకే ఒక్క వస్తువును పట్టుకుని, అది ఎంతదూరం తీసుకెళితే అంతదూరం వెళతాను. ఆ వస్తువు రబ్బరు పాదం. జైపూర్ కాలు అంటే మీలో చాలామందికి తెలుసు. మన పత్రికల్లో ఉచిత కృత్రిమ కాళ్ల పంపిణీ శిబిరం వార్త రాని ఏడాది ఉండదు. వార్త పక్కన ఫొటో ఉంటుంది. ఫొటోలో దాతలందరూ నిలబడి ఉంటారు, కాలు పెట్టించుకున్న మనిషి ఒక మూల కుర్చీలో కూర్చుని ఉంటాడు.

1960లలో జైపూర్ సవాయి మాన్‌సింగ్ ఆసుపత్రిలో ప్రమోద్ కరణ్ సేఠీ అనే ఎముకల డాక్టరు ఉండేవారు. కాలు పోయినవాళ్లకు ఆ రోజుల్లో పాశ్చాత్య దేశాల నమూనా ప్రకారం చేసిన పాదం పెట్టేవారు. దాన్ని సాచ్ పాదం అనేవారు. లోపల చెక్క, మడమ దగ్గర మెత్త. మంచి పాదమే, అందులో సందేహం లేదు. కానీ పెట్టించుకుని ఇంటికెళ్లిన రైతులు కొన్నాళ్లకు దాన్ని మూలన పడేసి మళ్లీ చంకకర్రలు పట్టుకునేవారు. చదువులేనివాళ్లు, విలువ తెలియదు అని సరిపెట్టుకోవడం చాలా తేలిక. సేఠీ గొప్పతనమంతా అలా సరిపెట్టుకోకపోవడంలో ఉంది. ఎందుకు పడేశారని ఆయన ఆరా తీశారు.

జవాబు ఆ పాదంలోనే ఉంది. దానికి బూటు తొడగాలి. బూటుతో వంటింట్లోకి ఎవరు రానిస్తారు? గుడిలోకి ఎవరు రానిస్తారు? పొలంలో బురదుంటుంది, నీళ్లుంటాయి, తడిస్తే చెక్క పాడవుతుంది. దాని చీలమండ వంగదు కాబట్టి గొంతుక్కూర్చోవడం కుదరదు. అంటే బహిర్భూమికి వెళ్లడం కష్టం, కలుపు తీయడం కష్టం, పొయ్యి దగ్గర కూర్చోవడం కష్టం. బాసింపట్టు వేసుకుని పంక్తిలో నలుగురితో కలిసి భోంచేయడం కూడా కష్టమే. ఆ పాదాన్ని తయారుచేసినవాళ్లు కుర్చీలో కూర్చునే మనిషిని, బల్ల మీద తినే మనిషిని, పొడి రోడ్డు మీద బూటుతో నడిచే మనిషిని మనసులో పెట్టుకుని చేశారు. రాజస్థాన్ రైతు వాళ్ల ఊహలో లేడు. వాళ్లు చెడ్డవాళ్లు కారు. వాళ్ల ఊళ్లో అందరూ కుర్చీలోనే కూర్చుంటారు, అంతే.

అదే ఆసుపత్రిలో రోగులకు చేతిపనులు నేర్పే రామచంద్ర శర్మ అనే పనివాడు ఉన్నాడు. పెద్దగా చదువుకోలేదు, చెయ్యి మాత్రం దివ్యమైన చెయ్యి. మాస్టర్‌జీ అని పిలిచేవారు. దారిలో ఆయన సైకిల్ టైరు పంచరైందనీ, పాత లారీ టైర్లకు కొత్త రబ్బరు వేసే షాపు దగ్గర ఆగాడనీ, అక్కడే ఆలోచన తట్టిందనీ జైపూర్‌లో చెప్పుకుంటారు. అలాంటి కథలు ఎంత నిజమో గానీ, పని జరిగింది మాత్రం టైర్ల షాపు పద్ధతిలోనే. మనిషి పాదం ఆకారంలో అచ్చు పోశారు. చీలమండ దగ్గర చెక్క దిమ్మ, మడమకూ ముందు భాగానికీ స్పాంజ్ రబ్బరు పెట్టారు. టైర్లలో వాడే దారపు పొర చుట్టి, పైన ఒంటి రంగు రబ్బరు తొడిగి, అచ్చులో బిగించి వేడికి పెట్టారు. బయటికొచ్చిన పాదానికి వేళ్లు ఉన్నాయి. అది అన్ని వైపులకూ వంగుతుంది, తడిసినా ఏమీ కాదు, బూటు అక్కర్లేదు. పైన కాలి గొట్టాన్ని మొదట్లో అల్యూమినియం రేకుతో, పాత్రలు చేసేవాళ్లు సాగగొట్టినట్టు సుత్తితో కొట్టి చేశారు. తర్వాతి కాలంలో పొలాలకు నీళ్లు పారించే రకం ప్లాస్టిక్ పైపుతో చేస్తున్నారు.

ఇదంతా 1968 ప్రాంతపు సంగతి. దానికి సేఠీ పేటెంటు తీసుకోలేదు, ఎవరైనా చేసుకోవచ్చునన్నారు. 1975లో దేవేంద్ర రాజ్ మెహతా అనే ఐఏఎస్ అధికారి భగవాన్ మహావీర్ వికలాంగ సహాయతా సమితి పెట్టారు. 1969లో ఘోరమైన రోడ్డు ప్రమాదం నుంచి బయటపడ్డ మనిషి ఆయన. ఆ సంస్థ చేతుల మీదుగా ఆ కాలు లక్షల మందికి చేరింది. మందుపాతరల మీద కాలేసిన అఫ్గానిస్థాన్ జనానికీ చేరింది. 1981లో సేఠీకి రామన్ మెగసెసే అవార్డు వచ్చింది. అచ్చు పోసిన మాస్టర్‌జీ పేరు మాత్రం ఇవాళ్టికీ కథలో రెండో వరుసలోనే ఉంది. అచ్చు పోసినవాడి పేరు వెనక్కీ, సంతకం పెట్టినవాడి పేరు ముందుకీ రావడం మన దేశంలో కొత్తేమీ కాదు.

కానీ నాకు ఆ ఇద్దరి కన్నా ఆసక్తికరమైన మనుషులు ఇంకొందరున్నారు. వాళ్ల పేర్లు ఎక్కడా లేవు. మొదటి పాదాన్ని మూలన పడేసిన రైతులు. ఆ పడేయడం కూడా ఒక అభిప్రాయ ప్రకటనే. మాకు నడవడం ఒక్కటే చాలదు, కింద కూర్చోవాలి, నీళ్లలో దిగాలి, మా ఇంట్లో మాలాగే ఉండాలి అని వాళ్లు ఒక్క మాట మాట్లాడకుండా చెప్పారు. వినే డాక్టరు దొరకడం వాళ్ల అదృష్టం, మన అదృష్టం కూడా.

ఇక సంస్కృతి వైపు వద్దాం. మన పాత వాఙ్మయంలో కృత్రిమ కాలు ప్రస్తావన ఋగ్వేదం నాటికే ఉంది. విశ్పలకు పోరులో కాలు తెగితే అశ్వినీ దేవతలు లోహపు కాలు అమర్చారట. విశ్పల మనిషా, గుర్రమా అని పండితులు ఇప్పటికీ వాదించుకుంటున్నారు, ఆ తగవులోకి మనం వెళ్లొద్దు. నాకు నచ్చిన విషయం ఒకటే. అక్కడ ఏడుపు లేదు. కాలు పోయింది, కాలు పెట్టారు, మళ్లీ పరుగుకు సిద్ధం. తర్వాత తర్వాత మన కథల్లో ఆ తీరు పోయింది. మంథర గూని ఆమె బుద్ధికి గుర్తయింది. అష్టావక్రుడు సభలోకి వస్తే పండితులు నవ్వారు. ఆ కథలో ఆయన వాళ్లకు బుద్ధి చెప్పినందుకు మనం సంతోషిస్తాం గానీ, అంతటి జ్ఞాని కాని వంకరకాళ్ల కుర్రాడు అదే సభకు వచ్చి ఉంటే ఏమయ్యేదో ఆలోచించం.

సినిమాలూ దాదాపు అంతే. హీరోయిన్‌కు చూపు లేకపోతే చివరి రీలులో ఆపరేషను జరగాలి, కట్టు విప్పాలి, ముందు హీరో ముఖమే కనబడాలి. 1985లో ఉషాకిరణ్ మూవీస్ వారి ‘మయూరి’ వచ్చినప్పుడు ఆ లెక్క తప్పింది. సింగీతం శ్రీనివాసరావు దర్శకుడు. 1981లో తిరుచ్చి దగ్గర బస్సు ప్రమాదంలో గాయపడి, కాలు తీసేయాల్సి వచ్చి, జైపూర్ కాలు పెట్టించుకుని మళ్లీ నాట్య వేదిక ఎక్కిన సుధాచంద్రన్ తన కథలో తానే నటించింది. ఆ సినిమా చివర కాలు తిరిగి మొలవదు, దేవుడు ప్రత్యక్షం కాడు. రబ్బరు పాదంతోనే ఆడుతుంది. ఆమెకు జాతీయ అవార్డుల్లో జ్యూరీ ప్రత్యేక పురస్కారం వచ్చింది. ఆ పాదం వేసే అడుగును లక్షల మంది తెలుగువాళ్లు టికెట్టు కొని చూశారు. వైకల్యం గురించి మన జనం తీసుకున్న పెద్ద పాఠాల్లో అదొకటని నా నమ్మకం.

అయితే ఆ పాఠానికి కొనసాగింపు 2021లో వచ్చింది. విమానాశ్రయంలో తనిఖీకి వెళ్లిన ప్రతిసారీ కృత్రిమ కాలు విప్పమంటున్నారని సుధాచంద్రన్ వీడియోలో ప్రధానికి మొరపెట్టుకుంది. కాలు విప్పకుండానే పేలుడు పదార్థాల జాడ పసిగట్టే పరికరంతో తనిఖీ చేయమని అడిగినా వినడం లేదంది. భద్రతా దళం వారు క్షమాపణ చెప్పారు. ఆమెకు పేరుంది కాబట్టి చెప్పారు. ఒక్కసారి ఆ దృశ్యం ఊహించండి. ఒక మనిషి తన కాలు తీసి ట్రేలో పెట్టాలి, అది బెల్టులూ ఫోన్ల మధ్య యంత్రంలోంచి వెళ్లాలి, ఆమె ఈలోగా అందరి ముందూ ఒంటికాలి మీద ఉండాలి. జైపూర్‌లో అరవైల్లో ఆ కాలును అంత శ్రద్ధగా రూపొందించాం. విమానాశ్రయంలో ఆ గేటును రూపొందించినవాళ్లకు అలాంటి కాలున్న మనిషి వస్తుందన్న తలంపే రాలేదు.

నేను చెప్పదలచుకున్న విషయం ఇదే. మనిషిని సరిచేయడం మీద మనకు ఎంత ఉత్సాహమో, ఆ మనిషి నడిచే నేలను సరిచేయడం మీద అంత బద్ధకం.

ఈ ఉపన్యాసం ఎవరి స్మృతిలో ఏటా జరుగుతోందో ఆ మాస్టారి సంగతే తీసుకోండి. చిన్నప్పుడు పోలియో వచ్చిన కాలికి కాలిపర్ వేసుకుని నడిచేవారు. ఆ ఇనుప కమ్మీల చప్పుడు వరండాలో వినబడితే చాలు, మా తరగతి సర్దుకునేది. ఆయన పనిచేసిన ఒక బడిలో పదో తరగతి మేడమీద ఉండేది. కింద గదులు ఖాళీగా ఉన్నా ఎన్నేళ్లయినా అది మేడ దిగలేదు. పిట్టగోడ పట్టుకుని, ఒక్కో మెట్టుకూ ఆగి ఎక్కేవారు. చూసినవాళ్లందరూ ఆయన పట్టుదలను మెచ్చుకున్నారు. నేనూ మెచ్చుకున్నాను. తరగతిని కిందికి మార్చాలని ఆ మెచ్చుకున్నవాళ్లలో ఒక్కరికీ తోచలేదు.

జైపాల్ రెడ్డి గారి విషయంలోనూ మనం ఇదే చేస్తాం. పసితనంలో పోలియో బారిన పడి, చంకకర్రలతో శాసనసభకూ పార్లమెంటుకూ వెళ్లి, 1998లో ఉత్తమ పార్లమెంటేరియన్ అనిపించుకుని, కేంద్ర మంత్రిగా చేశారాయన. ఆ మాటకారితనం ముందు చంకకర్రలు ఎవరికీ గుర్తుండేవి కావు. అలాంటివారి పేరు చెప్పి, వాళ్లు చేయగా లేనిది నీకేం అడ్డమని ఊళ్లో పిల్లవాణ్ణి అడుగుతాం. వాడికి అడ్డం ఏమిటో వాడు చెప్పగలడు. ఆర్టీసీ బస్సు మొదటి మెట్టు. మండల ఆఫీసు గుమ్మం. బడి మరుగుదొడ్డి తలుపు వెడల్పు.

సహజ వైరస్‌తో వచ్చే పోలియో మన దేశంలో చివరిసారిగా 2011 జనవరిలో కనబడింది, 2014 మార్చిలో ప్రపంచ ఆరోగ్య సంస్థ పోలియో లేదని ధ్రువీకరించింది. దాంతో వైకల్యం కథ ముగిసిందనుకునేవాళ్లున్నారు. రోడ్డు ప్రమాదాలు, షుగరుతో తీసేసిన కాళ్లు, పక్షవాతం, ముసలితనం ఆ ఖాళీని ఎప్పుడో నింపాయి. మన రెండు తెలుగు రాష్ట్రాల్లో వీళ్లందరికీ తెలిసిన మాట సదరం, అంటే ఆసుపత్రిలో వైకల్యాన్ని శాతాల్లో కొలిచి ఇచ్చే ధ్రువపత్రం. చాలా రకాల వైకల్యాలకు శాతం కనీసం 40 ఉంటే పింఛను, తగ్గితే లేదు. కావలసిందే, కొలత లేకుండా ప్రభుత్వం డబ్బు ఇవ్వలేదు. కానీ మనిషి దేహాన్ని శాతాల్లో కొలిచే యంత్రాంగం ఇంత ఉన్నప్పుడు, అదే ఆసుపత్రి గుమ్మాన్ని కొలిచేవాడు ఒక్కడూ లేకపోవడం వింత కాదా?

ర్యాంపులు కడుతున్నారు కదా అంటారు. కడుతున్నారు. వాలు కొలత ఏమీ రహస్యం కాదు: ఒక అడుగు ఎత్తు ఎక్కాలంటే పన్నెండు అడుగుల పొడవు ఉండాలి. అంటే మూడడుగుల అరుగుకు ముప్పై ఆరు అడుగులు, మధ్యలో ఆగడానికి చదును. మన ప్రభుత్వ భవనాల ముందు మీరు చూసే ర్యాంపులు చాలావరకు మెట్ల పక్కన మిగిలిన జాగాలో సిమెంటు పోసి జార్చినవి. పిల్లలు జారుడుబల్లగా వాడుకుంటారు. ఎక్కడ చూసినా దాని మీద ఎవరిదో మోటారుసైకిల్ ఉంటుంది. చక్రాల కుర్చీలో మనిషి అక్కడ ఎక్కాలంటే వెనక నుంచి ఇద్దరు తొయ్యాలి, దిగాలంటే దేవుడు కాపాడాలి. దాన్ని కట్టేముందు చక్రాల కుర్చీలో కూర్చునే మనిషిని ఒక్కసారి పిలిచి అడిగి ఉంటే ఆ సిమెంటు దండగయ్యేది కాదు.

ఒకరికి పనికొచ్చింది అందరికీ పనికొస్తుందనుకోవడం కూడా పొరపాటే. జైపూర్ కాలు గొంతుక్కూర్చోనిచ్చింది, గొప్ప సంగతి. అదే గొంతుక్కూర్చోవడం మోకాళ్లు అరిగిన మా అమ్మ వయసువాళ్లకు శిక్ష, కాలిపర్ ఉన్నవాళ్లకు అసాధ్యం. వాళ్లకు కమోడ్ కావాలి. రెండూ ఉండాలి. చూపులేనివాళ్లకు ర్యాంపు వల్ల ఒరిగేదేమీ లేదు, లిఫ్టులో అంతస్తు పేరు చెప్పే గొంతు కావాలి, మీటల మీద బ్రెయిలీ చుక్కలు కావాలి. అందుకే చట్టాలు పుడతాయి.

1995లో వికలాంగులు పార్లమెంటు ముందు ధర్నాకు కూర్చున్నాక వాళ్ల హక్కులకు మొదటి సమగ్ర చట్టం వచ్చింది. 2016 చట్టం ఏడు రకాల వైకల్యాలను ఇరవై ఒకటి చేసింది. అప్పటికే ఉన్న ప్రజా భవనాలన్నిటినీ నిబంధనలు వెలువడిన ఐదేళ్లలో అందరికీ అందుబాటులోకి తేవాలంది. నిబంధనలు 2017 జూన్‌లో వచ్చాయి. గడువు 2022 జూన్‌లో దాటిపోయింది. చూపులేని రాజీవ్ రతూరి 2005లో వేసిన వ్యాజ్యంలో సుప్రీంకోర్టు హైదరాబాద్‌లోని నల్సార్ విశ్వవిద్యాలయపు వైకల్య అధ్యయన కేంద్రాన్ని పరిస్థితి చూసి నివేదిక ఇమ్మంది. ఆ నివేదిక ఆధారంగా 2024 నవంబరు 8న తీర్పు చెప్పింది. చట్టమేమో తప్పనిసరి అంటోంది, నిబంధనలు మాత్రం సలహాల్లా ఉన్నాయి, ఇది చెల్లదు, మూడు నెలల్లో తప్పనిసరి ప్రమాణాలు రాయండి అని ఆదేశించింది. వ్యాజ్యం వేసిన పంతొమ్మిదేళ్లకు మనం చేరుకున్న చోటు అది.

చివరిగా మీకు ఒక పని అప్పగిస్తాను. 2016 చట్టం 44వ సెక్షన్ ప్రకారం అందుబాటు నిబంధనలు పాటించని ప్లానుకు అనుమతి ఇవ్వకూడదు, అలా కట్టిన భవనానికి పూర్తయిన ధ్రువపత్రం ఇవ్వకూడదు. ఈ హాల్లో పంచాయతీ సభ్యులున్నారు, ఇంజనీర్లున్నారు, కాంట్రాక్టర్లున్నారు, ఆలయ కమిటీ వాళ్లున్నారు. మీ ఊళ్లో ఇకమీదట ఏ బడి కట్టినా, కల్యాణ మండపం కట్టినా, పునాది తవ్వకముందే ప్లాను అడిగి చూడండి. చక్రాల కుర్చీ వాడే మనిషిని, చూపులేని మనిషిని పిలిచి వాళ్ల చేతికి ఆ ప్లాను ఇవ్వండి, చదివి వినిపించండి. వాళ్లు వద్దన్నది కట్టకండి.