వాయిదాకు రాలేనివాడు చేయవలసినది
(కిమ్‌లో కూడిన తెలుగువారి సభలో చేసిన ప్రసంగము)



షిఫ్టు ముగించి, నూలు దుమ్ము దులుపుకొని వచ్చిన మిమ్ము చట్టముతో విసిగించుట నా యభిమతము కాదు. అయినను గత సంవత్సరము మనవాడొకడు ఒక కాగితము తెచ్చి చదివి చెప్పుమనెను. అది భార్యకు నెలనెలా భరణ మీయవలసినదని అతని పరోక్షమున వెలువడిన ఉత్తర్వు. "మూడు వాయిదాలకు పోయిన సారూ, తర్వాత సేఠు సెలవియ్యలే" అనెను. రాలేకపోవుట అతని తప్పు కాదు. రాలేనని న్యాయస్థానమునకు తెలుపకుండుట తప్పు.

సూరతు ప్రాంతమున మగ్గములపై బ్రతుకు వరంగల్లు, కరీంనగరము, నల్లగొండ వారికి వాయిదా యనగా ఒక దినము కాదు. నవజీవన్ బండిలో సూరతునుండి వరంగల్లు చేరుటకే దాదాపొక దినము. మరలి వచ్చుట కింకొకటి. కచ్చేరిలో కూర్చుండుట కొకటి. మాబోటి కేంద్రోద్యోగులకైనను సొంత వ్యాజ్యము సొంత సెలవుమీదనే.

1984 నాటి కుటుంబ న్యాయస్థానముల చట్టము 13వ సెక్షను ప్రకారము వకీలును పెట్టుకొనుట కక్షికి హక్కు కాదు, న్యాయమూర్తి అనుమతింపవలెను. 9వ సెక్షను మొదట రాజీకి యత్నింపుమనుచున్నది. ఆలుమగలు ఎదురెదుట కూర్చుండక రాజీ ఎట్లు కుదురును? కావున ఆ దినములకు మినహాయింపు కోరవలదని నా సలహా. తక్కినవాని సంగతి వేరు. పెక్కు వాయిదాలు తేదీ మార్చుటతోనే ముగియును. అట్టిదానికి, అనుమతి పొందిన వకీలుద్వారా ముందుగనే దరఖాస్తు వేయుడు. ఏ తేదీకి, ఏ కారణమున రాలేరో తెలిపి, పిలిచినపుడు తప్పక వత్తునని వ్రాయుడు. జబ్బైన వైద్యుని పత్రమును, సెలవు దొరకకున్న యజమాని చీటీని జతపరుపుడు. లేని జబ్బు తెచ్చుకొనకుడు. ఆ వారముననే మీరు పెండ్లిలో తీయించుకొన్న ఫొటోను ఎదుటి పక్షము చూపగలదు!

దృశ్య శ్రవణ విధానమున విచారణ కోరవచ్చునా యని కొంద రడిగిరి. 2017 అక్టోబరు 9న సుప్రీంకోర్టు, రాజీ విఫలమైన పిదప ఉభయులు కోరినచో న్యాయమూర్తి విచక్షణ ననుసరించి అనుమతింపవచ్చునని మెజారిటీ తీర్పు నిచ్చెను. 2020 నాటి మహమ్మారి పిమ్మట ఆ పద్ధతి న్యాయస్థానములలో విరివిగ వాడుకలోనికి వచ్చినది.

మగవారికొక మాట. మినహాయింపు వ్యాజ్యము నీడ్చుటకు సాధనము కారాదు. ఆవల చంటిబిడ్డ నెత్తుకొని వచ్చి కూర్చుండు ఆమెకును కూలి పోవుచున్నది. ఆమె ఖర్చులు మీరే చెల్లింపుడని న్యాయమూర్తి ఆజ్ఞాపింపవచ్చును. మినహాయింపు ఆమెయు కోరవచ్చును.

భరణపు వ్యాజ్యములకు 2024 జులై 1 నుండి భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 145వ సెక్షను వర్తించుచున్నది. భర్త హాజరును మినహాయించినచో అతని వకీలు ఎదుట సాక్ష్యము తీసికొందురు. బుద్ధిపూర్వకముగ తప్పించుకొనుచున్నాడని తోచినచో ఏకపక్షముగ విచారింతురు. ఆ ఉత్తర్వు రద్దునకు తగిన కారణము చూపి 3 నెలలలోపల కోరుకొనవచ్చును. మనవాడు నాయొద్దకు వచ్చునప్పటికి 11 దినములే మిగిలియుండెను.

ఆ రాత్రియే బండి యెక్కెను. ఉత్తర్వు రద్దయి విచారణ మరల మొదలైనది. రెండు వాయిదాలకు దరఖాస్తు పంపెను, అంగీకరించిరి. మొన్న రాజీ దినమునకు మాత్రము తానే పోయివచ్చెను. ఫలిత మింకను తేలలేదు.