జీర్ణగ్రంథోద్ధరణము కూడ జీర్ణోద్ధరణమే

(ఆలయ జీర్ణోద్ధరణ, మహాసంప్రోక్షణ సందర్భమున భక్తసభలో చేసిన ప్రసంగ పాఠము)

 

విమానమును గురించి, రాజగోపురమును గురించి, ప్రాకారమును గురించి పెద్దలు ఇదివరకే చెప్పియున్నారు. నాకు లభించిన ఈ కొద్ది సమయములో, పని జరుగుచుండగా బయటపడిన ఒక చెక్కపెట్టెను గురించి మనవి చేసికొందును.

వంటశాల పైకప్పు విప్పిన నాడు అటకమీదినుండి పనివారు ఆ పెట్టెను దింపినారు. మూత తీయగా ఎఱ్ఱని పాతగుడ్డలలో చుట్టిన పదకొండు తాళపత్రముల కట్టలు, అట్టలూడిన అచ్చుపుస్తకములు కొన్ని కనబడినవి. "ఇవి శిథిలమైపోయినవి గదా స్వామీ, నదిలో కలిపి వచ్చెదము" అని ఒక భక్తుడు వినయముగానే అడిగినాడు. అతని మాటలో దోషము లేదు. అయినను నా గుండె ఝల్లుమన్నది. దానికి కారణమున్నది.

1980లో కృష్ణా పుష్కరములు వచ్చినప్పుడు నాకు ఇరువది యేండ్ల ప్రాయము. వేదపాఠశాలలో అధ్యయనము ముగించి వచ్చిన రోజులవి. మా పెదనాన్నగారు పరమపదించిన పిమ్మట ఇల్లు సర్దుచుండగా రెండు తాటాకు కట్టలు దొరికినవి. పురుగు తొలిచినవి, అంచులు విరిగినవి. అక్షరము మసి వదలిపోయి కంటికి ఆనలేదు. వానిని పసుపు గుడ్డలో మూటగట్టి, పుష్కర స్నానమునకు పోయినప్పుడు భక్తితో కృష్ణమ్మకు సమర్పించి, పుణ్యకార్యము చేసితినని సంతోషించి ఇంటికి వచ్చినాను. ఆ రెండు కట్టలలో ఏ గ్రంథమున్నదో నేను చూడలేదు. పేరు వ్రాసికొనలేదు, పత్రములనైనను లెక్కపెట్టలేదు. మా వంశములో ఎవరు, ఏ యేట, ఎన్ని రాత్రులు దీపము దగ్గర కూర్చుండి వాటిని వ్రాసిరో ఇక ఎవ్వరును చెప్పజాలరు.

నదిలో విడుచుట మన పెద్దల ఆచారమే గదా యని మీరు అనవచ్చును. నిజమే. కాని ఆ ఆచారములో మనము మరచిన భాగమొకటి కలదు. ఈ జీర్ణోద్ధరణలో మీరందరు కన్నులార చూచినారు. పని మొదలుపెట్టుటకు ముందు మూలబేరమునందలి శక్తిని కలాకర్షణ విధిచేత కుంభములోనికి ఆవాహన చేసి, బాలాలయములో నిలిపి, నిత్యార్చనలు అక్కడ జరిపినాము. జీర్ణమైన బింబమును జలమున విడువవలసి వచ్చినప్పుడు సైతము కలాకర్షణ కానిదే విడువరాదు. గ్రంథమునకు కలాకర్షణమనగా ప్రతి వ్రాసికొనుట. తాళపత్రము కలకాలము నిలుచునది కాదు. కనుకనే పూర్వులు పాతప్రతిని చూచి క్రొత్తప్రతి వ్రాసి, రెంటిని పోల్చి, తప్పులు దిద్ది, ఆ తరువాతనే పాతదానిని గంగలో కలిపెడివారు. వ్రాయువారు కరువైన కాలములో మొదటి పని మానివేసి, రెండవ పని మాత్రము ఆచారమని నిలుపుకొన్నాము. నేను 1980లో చేసినది కలాకర్షణ లేకయే బింబమును నీటిలో విడిచినట్టి పని.

గ్రంథమును సేకరించుట ఒక ఎత్తు. సేకరించినదానిలో ఏమున్నదో సరిగా వివరించి వ్రాయుట మరియొక ఎత్తు. వివరణ లేని గ్రంథము ఇంటనున్నను లేనట్లే. దీనికి తిరుమల క్షేత్రముననే గొప్ప దృష్టాంతమున్నది. ఏ.డి. క్యాంప్‌బెల్ అను ఆంగ్లేయ అధికారి 1816లో తెలుగు వ్యాకరణమును ప్రకటించినాడు. నష్టమైన ప్రాచీన తెలుగు వ్యాకరణములను వెదకుచు, రాగిరేకులమీద చెక్కిన కావ్యములు తిరుపతి కోవెలలో ఉన్నవని విని, వానిని పరిశీలించుటకు ఒక దేశీయుని పంపినాడు. వానిలో ఒక వ్యాకరణ గ్రంథము తప్ప మిగిలినవన్నియు దైవస్తుతులేయని తెలిసి, ఆ సంగతిని తన పీఠికలో వ్రాసినాడు. అవి తాళ్లపాక వారి సంకీర్తనల రేకులేయని తరువాతి పండితులు భావించినారు. వెదకినది వేరొకటి కావున, చేతికి వచ్చిన నిధికి పేరు పెట్టి వివరించు బుద్ధి ఆనాడు ఎవ్వరికిని పుట్టలేదు. మరల నూరేండ్లకు పైగా గడచి, 20వ శతాబ్దములో సాధు సుబ్రహ్మణ్యశాస్త్రి, వేటూరి ప్రభాకరశాస్త్రి, రాళ్లపల్లి అనంతకృష్ణశర్మ మొదలగు మహనీయులు ఆ రేకులను వరుసగా చదివి, ఎత్తి వ్రాసి, పరిష్కరించిన పిమ్మటనే అన్నమాచార్యులవారు మన నాలుకలమీదికి మరల వచ్చినారు.

మరియొక విశేషము. ఆ రేకులలో మొదటిదానిమీద చిన్న వ్రాత యొకటి కలదు. శక వర్షము 1346 క్రోధి సంవత్సరము మొదలుకొని అన్నమాచార్యులు సంకీర్తనలు చెప్పిరనియు, శక వర్షము 1424 దుందుభి సంవత్సర ఫాల్గుణ బహుళ ద్వాదశి వరకు చెప్పిరనియు దాని తాత్పర్యము. ఈనాడు మనము ఫాల్గుణ బహుళ ద్వాదశినాడు వారి వర్ధంతి జరుపుచున్నామన్నచో ఆ వ్రాతయే ఆధారము. గ్రంథమును గురించి ఒక్క వాక్యము వ్రాసిపెట్టిన పుణ్యము అంతటిది.

ఇట్టి పని మన ప్రాంతములో ఒక్కరు చేసినది కాదు. కర్నల్ కాలిన్ మెకంజీ సేకరించిన శాసనములు, కైఫియత్తులు, గ్రంథములు మిక్కిలి ప్రసిద్ధములు. ఊరూర కరణములను, అర్చకులను కలిసికొని వానిని కూర్చుటలో అతనికి కుడిభుజములైనవారు కావలి వెంకట బొఱ్ఱయ్య, లక్ష్మయ్య సోదరులు. మెకంజీ 1821లో కాలము చేసిన పిమ్మట, హెచ్.హెచ్. విల్సన్ కూర్చిన సూచి 1828లో వెలువడినది. ఆ మీదట విలియం టేలర్ ఆ సంపదను, దానితోపాటు సి.పి. బ్రౌను దొర కూర్చిన గ్రంథములను పరిశీలించి, పెద్ద సూచిని 1857 మొదలు మూడు సంపుటములుగా ప్రకటించినాడు. బ్రౌను దొర కడపలో పండితులను జీతములిచ్చి నియమించి, ఒక్కొక్క కావ్యమునకు పెక్కు ప్రతులు తెప్పించి, పాఠములు పోల్పించి, శుద్ధప్రతులు వ్రాయించినాడు. ఈ సేకరణలు మదరాసు ప్రాచ్యలిఖిత గ్రంథాలయమునకు పునాదులైనవి.

సూచి పని చేయువాని కన్ను ఎంతటిదో చెప్పుటకు మరి రెండు ఉదాహరణములు చాలును. తంజావూరు ప్రాంతపు పండితుడొకరు మైసూరు ప్రాచ్యగ్రంథాలయమునకు గ్రంథలిపిలోని కట్ట నొకదానిని ఇచ్చినారు. అచ్చటి గ్రంథపాలకులు ఆర్. శ్యామశాస్త్రిగారు దానిని విప్పి చదివి, అది కౌటిల్యుని అర్థశాస్త్రమని గుర్తించి 1909లో అచ్చువేసినారు. పేరు మాత్రమే వినబడుచుండిన శాస్త్రము లోకమునకు సమగ్రముగా దొరికినది. అదే 1909లో మన మానవల్లి రామకృష్ణకవిగారు నన్నెచోడుని కుమారసంభవమును వెలికిదీసి ప్రకటించినారు. తెలుగు సాహిత్య చరిత్రలో ఒక మహాకవి అంతవరకు లేడు, ఆ యేడు వచ్చినాడు.

ఇక మన పెట్టె సంగతికి వచ్చెదను. పదకొండు కట్టలలో ఇప్పటికి ఒక్కదానికి మాత్రమే వివరణ పూర్తియైనది. పైనున్న చెక్కపలకమీద "జ్యోతిషము" అని వ్రాసియున్నది. లోపల నలుబది పత్రముల వరకు ముహూర్త విషయమే. ఆ తరువాత అక్షరము మారినది, విషయమును మారినది. పైపేరును నమ్మి మూటగట్టినచో అంతటితో సరి. ఆ వివరణను మీకు చదివి వినిపించెదను. ఆధారము తాటాకు. పొడవు 42 సెంటీమీటర్లు, వెడల్పు 3 సెంటీమీటర్లు. లిపి తెలుగు, భాష సంస్కృతము, నడుమ తెలుగు. చివరి పత్రసంఖ్య 98. ఉన్న పత్రములు 96, లేనివి 17, 41. పుటకు 7 పంక్తులు, పంక్తికి సుమారు 60 అక్షరములు. ముప్పదిరెండు అక్షరములు ఒక గ్రంథమని పూర్వుల లెక్క. ఆ లెక్కన ఉన్న భాగము సుమారు 2,520 గ్రంథములు. ఆది యిది, అంతము ఇది అని రెండు చోట్లను నాలుగేసి పంక్తులు ఎత్తి వ్రాసినాము. లేఖకుడు తన కాలమును విరోధికృత్ సంవత్సరమని చెప్పినాడు. అది 1791 కావచ్చును, 1851 కావచ్చును, 1911 కావచ్చును. వారము చెప్పియుండినచో పంచాంగ గణితముతో తేల్చియుందుము. చెప్పలేదు కావున మూడును వ్రాసి ఉంచినాము. మన గ్రంథము ప్రాచీనమని అనిపించుకొనుటకు 1791 అని వ్రాయుట వివరణ కాదు, అసత్యము.

నలుబదియవ పత్రము తరువాత ఉన్నదేమిటని మీరు అడుగుదురు. అది మన ఆలయపు ఉత్సవక్రమము. బ్రహ్మోత్సవములో ఏ పూట ఏ వాహనమో, ఏ నైవేద్యమో మాత్రమే కాదు, ఏ కైంకర్యము ఎవరిదో కూడ అందున్నది. అంకురార్పణకు పాలికలు కుమ్మరులు తేవలెను. ధ్వజపటమునకు వస్త్రము సాలెవారు నేయవలెను. రాత్రి ఊరేగింపునకు దివిటీలు రజకులు పట్టవలెను. రథపు మోకులకు నార ఫలానా పాలెమువారిది, పూలమాలలు ఫలానా తోటవారివి. ఈ క్రమములో సగము మా తాతగారి కాలమునకే ఆగిపోయినదని తలచుచున్నాను. నాకు వచ్చిన తంతులో ఈ మాటలు లేవు. ఈనాడు ఈ సభలో దాతలుగా కూర్చున్నవారిలో ఆయా కులవృత్తుల కుటుంబములవారు ఎందరో ఉన్నారు. స్వామి సేవ మీకు క్రొత్తగా వచ్చినది కాదు. మీ పూర్వుల పని ఆ తాటాకులో వ్రాసియున్నది. ఆ నాడు పనివారు పెట్టెను నదికి కొనిపోయి యుండినచో ఈ మాట చెప్పుటకు నాకు ఆధారమే ఉండెడిది కాదు.

కావున ఈ మహాసంప్రోక్షణ శుభవేళ మీకు కొన్ని విన్నపములు చేయుచున్నాను. మీ ఇండ్లలో తాళపత్రములున్నను, పాత అచ్చుపుస్తకములున్నను చూడక పారవేయకుడు. ముందు ఎన్ని పత్రములో, ఏ లిపియో, మొదలేమిటో, తుది యేమిటో ఒక కాగితముమీద వ్రాయుడు. అచ్చుపుస్తకమైనచో ముఖపత్రముమీది ముద్రణాలయము, సంవత్సరము, ఎన్నవ కూర్పో వ్రాసి, లేని పుటలను గుర్తింపుడు. చదువరాకున్న "చదువరాలేదు" అనియే వ్రాయుడు. ఫొటో తీసినచో ప్రతి పత్రమునకు సంఖ్య వేయుడు. పేరు లేని వేయి ఫొటోలు కంప్యూటరులో ఉన్నను అటకమీది పెట్టెతో సమానమే.

సరస్వతీపూజనాడు గ్రంథములమీద పసుపు, కుంకుమ, గంధము చల్లుట మన అలవాటు. వానిని పలకమీద వేసిన గుడ్డకు అలంకరింపుడు, ఆకుకు తగులనీయకుడు. తడి, నూనె, జిగురు కాగితము తాకనీయకుడు. నిమ్మగడ్డి నూనె పూయు విద్య తెలిసినవారు చేయవలసిన పని. తిరుపతిలో శ్రీవేంకటేశ్వర విశ్వవిద్యాలయ ప్రాచ్య పరిశోధనాలయము, హైదరాబాదులో ప్రాచ్యలిఖిత గ్రంథాలయము మొదలైన చోట్ల ఈ విద్య తెలిసినవారున్నారు. కేంద్ర ప్రభుత్వము 2003లో జాతీయ పాండులిపి మిషనును స్థాపించినది. 2025లో జ్ఞానభారతము పేర కోటికి పైగా పాండులిపుల సర్వేక్షణమును తలపెట్టినది. విదేశములలో ఉన్న మన భక్తులకు ఒక మాట. 1972 నాటి చట్టము ప్రకారము విలువగల పాండులిపి డెబ్బదియైదు ఏండ్లకు పైబడినచో పురావస్తువే. దానిని ప్రేమతోనైనను వెంట తీసికొని పోరాదు. ప్రతిబింబమును తీసికొని పొండు, మూలమును ఇక్కడ ఉంచుడు.

మన ఆలయమున మిగిలిన పది కట్టలకు వివరణ వ్రాయవలసియున్నది. రాగి కలశమునకు, బంగారు పూతకు ముందుకు వచ్చిన దాతలు ఒక చిన్న అలమారకు, నూలు గుడ్డలకు, చదువగల ఒక పండితుని ఆరు మాసముల భృతికి ముందుకు రావలెనని కోరుచున్నాను. ఆ పండితుని ప్రక్కన కూర్చుండి పత్రములు లెక్కించు పని నేనే చేయుదును. నలువది యేండ్లకు పైగా బాకీయున్న పని అది.

శ్రీస్వామివారు మీ వంశములను, మీ ఇండ్లలోని అక్షరమును చల్లగా కాచుగాక! స్వస్తి.