కెమెరా మన చేతికొస్తే



మనింట్లో పెళ్లి జరిగితే వీడియో అబ్బాయి "అమ్మా, ఇటు తిరగండి, కాస్త నవ్వండి" అంటాడు. మనం తిరుగుతాం, నవ్వుతాం. కెమెరా ఎవరి చేతిలో ఉంటే మాట వారిదే కదా!

మరి ఆ కెమెరాను పొలం పనులు చేసుకునే దళిత అక్కచెల్లెళ్లు పట్టుకున్నారంటే నమ్ముతారా? సంగారెడ్డి జిల్లా జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల స్త్రీలు వీరు. బడి మొహం చూడనివారు కూడా వీడియో తీయడం నేర్చారు. షాట్లకు సొంత పేర్లు పెట్టుకున్నారు. వాటిలో ఒకటి "పటేల్ షాట్"! కళ్లకు కళ్లు ఎదురుగా, సమానంగా తీస్తే "సంఘం షాట్". ఎంత చక్కని ఆలోచనో చూడండి.

2002లో మన దేశంలో బీటీ పత్తికి అనుమతి వచ్చింది. వీరు వరంగల్ పల్లెలకు వెళ్లి, ఆ విత్తనం వేసిన రైతుల్ని పంట కాలమంతా మళ్లీ మళ్లీ కలిశారు. మొదట్లో వారి ఆశ, చివరికి వారి కోపం, రెండూ చిత్రించారు. 2003లో ఆ చిత్రం బయటికొచ్చింది. సేద్యం కష్టం తెలిసినవారు అడిగితే ఆ ప్రశ్నే వేరుగా ఉంటుంది.

ఇప్పుడు మన ఫోన్లలోనే కెమెరా ఉంది. వీధిలో కుళాయి రాకపోతే తీయండి, నలుగురికీ చూపండి. కానీ బిందెతో నిలబడ్డ ఆ అమ్మను ముందు అడగండి. తీసింది మొదట ఆమెకే చూపించండి. వద్దంటే చెరిపేయండి. అప్పుడే అది సంఘం షాట్ అవుతుంది.