సమంగా నడవని కాలానికి పంచాంగం
(ఉగాది సభలో చేసిన ప్రసంగ పాఠం)

ఇది పరాభవ నామ సంవత్సర ఉగాది.

ఈ ఏటి పేరు విని ముఖం చిట్లించినవారు మనలో లేకపోలేదు. పేరుదేమున్నది? అరవై ఏళ్లకొకసారి తన వంతు ప్రకారం వచ్చే పేరిది. 1906లో వచ్చినది, అప్పటికి శివసముద్రం కరెంటు మన గనులకు అంది నాలుగేళ్లు. 1966లో వచ్చినది, అప్పుడు గనులు కేంద్ర ప్రభుత్వం చేతిలో ఉండి షిఫ్టులన్నీ నడుస్తున్నవి. ఇప్పుడు 2026లో వచ్చేసరికి గనులు మూతబడి పాతికేళ్లు నిండినవి.

మన పిల్లలు చదివే వింత కథల్లో కొన్ని లోకాలుంటవి. అక్కడ కాలం ఒకచోట పరుగెత్తుతుంది, ఒకచోట కుంటుతుంది. అటువంటి లోకానికి పంచాంగం రాయడం ఎట్లా అని పిల్లలు మమ్మల్ని అడిగారు. ఆ పంచాంగం మన ఇంటి గూట్లోనే ఉన్నదని మా జవాబు.

కథల మాటే తీసుకుంటే, భాగవతంలో రైవతుడు కూతురు రేవతిని వెంటబెట్టుకొని, వరుణ్ణి చెప్పమని బ్రహ్మలోకానికి వెళ్లాడు. అక్కడ సంగీతం జరుగుతున్నది. మర్యాదగా అది ముగిసేదాకా ఆగాడు. ఆ కాసేపట్లో భూమి మీద ఇరవై ఏడు చతుర్యుగాలు గడిచిపోయినవి! మన పెద్దలు దీనికి లెక్క కూడా కట్టారు. మన నెల పితృదేవతలకు ఒక రోజు, మన ఏడు దేవతలకు ఒక రోజు, 432 కోట్ల ఏళ్లు బ్రహ్మకు ఒక పగలు.

ఇక మన లోకం. గడియారం ప్రతి రోజుకూ ఇరవై నాలుగు గంటలే ఇస్తుంది. తిథి అట్లా కాదు. చంద్రుడు సూర్యుణ్ణి పన్నెండు భాగలు దాటి ముందుకు పోయే కాలం ఒక తిథి. చంద్రుడు భూమికి దగ్గరైనప్పుడు వేగంగానూ, దూరమైనప్పుడు నిదానంగానూ నడుస్తాడు. సూర్యుని నడకలోనూ హెచ్చుతగ్గులున్నవి. కాబట్టి ఒక తిథి ఇరవై గంటల్లో ముగిస్తే, మరొకటి దాదాపు ఇరవై ఏడు గంటలు సాగుతుంది. పంచాంగకర్త ఈ హెచ్చుతగ్గులను చదును చేయడు. ఉన్నవి ఉన్నట్లు రాస్తాడు.

ఈ ఏటి ఉగాదే చూడండి. మార్చి 19న మనకు ఆరున్నర లోపే తెల్లవారినది. అమావాస్య వెళ్లినది 6 గంటల 52 నిమిషాలకు. తరువాత వచ్చిన పాడ్యమి మర్నాడు ఉదయం 4 గంటల 52 నిమిషాలకే ముగిసినది. అంటే చైత్ర శుద్ధ పాడ్యమి ఇరవై రెండు గంటలు ఉండి కూడా ఒక్క సూర్యోదయాన్నీ చూడలేదు. దీనినే క్షయతిథి అంటారు. ఉగాది ఎగిరిపోయిందని కంగారు పడనక్కర లేదు. పాడ్యమి నడిచిన 19నే పండుగ. న్యూయార్కులో ఉన్న మన పిల్లలకు అదే పాడ్యమి 18 రాత్రి మొదలై 19 సాయంకాలం దాకా ఉన్నది, నడుమ సూర్యోదయం నిక్షేపంగా వచ్చినది. అక్కడ అది క్షయమే కాదు! క్షయమన్నది తిథిలో లోటు కాదన్న మాట. ఎవరి తెల్లవారు ఝామున దానిని వెదికామన్నదే లెక్క.

సూర్యోదయం చూడకుండా రోజు గడపడం ఈ ఊరివారికి కొత్తా? తెల్లవారకముందే గనిలో దిగినవారు మన తండ్రులు, తాతలు. ఈనాడు చీకటితోనే బెంగుళూరు రైలెక్కేవారు మన బిడ్డలు.

గనిలో కాలం విషయం ఇంకొకటి చెప్పాలి. భూమి లోపలికి పోయేకొద్దీ గడియారం వెనకబడుతుందని ఐన్‌స్టీన్ సిద్ధాంతం. మన చాంపియన్ రీఫ్ లోతు మూడు కిలోమీటర్లకు పైబడినది. ఆ అడుగున పెట్టిన గడియారం పైనున్న దానికంటె ఏడాదికి సెకనులో సుమారు లక్షో వంతు వెనకబడుతుంది. ఎవరి జీతమూ తగ్గదు, పెరగదు. కాని నిజం నిజమే. 1965లో అదే గనిలో న్యూట్రినోల జాడ పట్టిన శాస్త్రజ్ఞులు, ఆకాశం నుంచి వచ్చే మ్యూయాన్లనే కణాలనూ లెక్కపెట్టారు. ఆ కణం ఆయువు సెకనులో పది లక్షో వంతుకు రెండింతలు. మన గడియారం ప్రకారమైతే అది కిలోమీటరైనా రాకముందే నశించాలి. కాని అంత వేగంలో దాని కాలం నిదానిస్తుంది కనుక నేలను చేరి, గని లోతుకూ దిగుతుంది. రైవతుని కథ విని నవ్వేవారు దీనికేమంటారో!

ఇంతకూ మేము ఈ ప్రసంగానికి పూనుకొన్న కారణం వేరు. మన ఇళ్లలో చాలామందికి తండ్రి, తాత పోయిన ఇంగ్లీషు తేదీ మాత్రమే తెలుసు. ఏటేటా తద్దినం పెట్టవలసినది తిథికి. రాత్రి షిఫ్టులో రెండు గంటలకు ఒక మనిషి పోయాడనుకోండి. ఇంగ్లీషు లెక్కకు అర్ధరాత్రే తేదీ మారినది. మన లెక్కకు తెల్లవారేదాకా వారం మారదు. తిథి ఎప్పుడు మారినదో ఆనాటి పంచాంగం చూస్తే గాని తెలియదు; అది ఒంటిగంటకు మారి ఉండవచ్చు, మూడింటికి మారబోతూ ఉండవచ్చు. గంట తెలియకపోతే తిథి దొరకదు. ఆ గంట తెలిసినవారు ఇంకా కొందరు మన మధ్య ఉన్నారు. వారికి ఎనభై దాటినవి. అమ్మమ్మను, పెద్దనాన్నను ఇవాళే కూర్చోబెట్టి అడగండి. ఏ షిఫ్టు, దిగినప్పుడా, పైకి వచ్చేటప్పుడా, కబురు ఇంటికి ఎప్పుడు వచ్చినది, కోడి కూసిందా లేదా — ఏది గుర్తున్నా రాసిపెట్టండి.

ఈ ఏడు జ్యేష్ఠం రెండుసార్లు వస్తున్నది. మే 17 నుంచి జూన్ 15 వరకు అధిక జ్యేష్ఠం, ఆ తరువాత నిజ జ్యేష్ఠం. పెద్దల తిథి జ్యేష్ఠంలో ఉన్నవారు తద్దినం ఏ నెలలో పెట్టాలో తమ పురోహితులను ముందుగానే అడిగి ఉంచుకోవడం మంచిది. తేదీ, గంట తెలిసి తిథి తెలియనివారు భోజనాల తరువాత కాగితం మీద రాసి మాకు ఇవ్వండి. పాత పంచాంగాలు తిరగేసి చూసి చెబుతాము.