చింపినోడు ఏం తెచ్చినాడు?

(కర్నూలు జిల్లాలోని ఒక పల్లెలో సినిమా చూపించిన తర్వాత చేసిన ప్రసంగ పాఠం)



ఇప్పుడు తెర మీద మనం చూసింది అయిదు నిమిషాల సినిమా. ఇరాన్ దేశపు అబ్బాస్ కియరోస్తమీ 1975లో పిల్లల కోసం తీసినాడు. పేరు ‘ఒక సమస్యకు రెండు పరిష్కారాలు’. దారా, నాదర్ ఒకే బడి పిల్లలు. నాదర్ నోటుబుక్కును దారా చిరిగిపోయినట్టే తిరిగిచ్చినాడు. మొదటి దారిలో నాదర్ కూడా దారా పుస్తకం చింపుతాడు. ఆ తర్వాత వస్తువుకు వస్తువు, చివరికి దెబ్బకు దెబ్బ. రెండో దారిలో దారా జిగురు తెచ్చి చిరిగినచోట అతికిస్తాడు. స్నేహం నిలబడుతుంది.

మొదటి దారి మన సీమకు ఒకరు నేర్పనక్కరలేదు. దాని పేరు ఫ్యాక్షన్. వర్గాల పెద్దలు నిన్నటిదాకా నరుక్కుని రేపు వియ్యమందుతారు. వాళ్ళ వెంట తిరిగి చచ్చేదీ, జైలుకు పోయేదీ మనోళ్ళు.

రెండో దారి కాడ కొంచెం ఆగుదాం. మన ఊరి పెద్దమనుషులు చెప్పే రాజీ ఇదేనా? కాదు. సినిమాలో చింపినోడే జిగురు తెచ్చినాడు. మన రచ్చబండ కాడ పుస్తకం చిరిగినోని చేతికే జిగురిచ్చి ‘నువ్వే అతికించుకోప్పా, ఊరు బాగుండాల’ అంటారు. ఆ పిల్లలు ఒకే బడిలో సరిసమానంగా కూర్చునేటోళ్ళు. మన సంగతి? టీ హోటల్లో రెండు గ్లాసులేందని అడిగితే, కొన్నిచోట్ల అందరికీ ప్లాస్టిక్ గ్లాసులు పెట్టినారు. తగువు తీరిందన్నారు. గాజుగ్లాసును మాత్రం మన నోటికి తగలనియ్యలేదు!

కారంచేడులో తాగే చెరువు నీళ్ళు పాడుచేయొద్దని చెప్పడమే నేరమైంది. 1985 జూలై 17న ఆరుగురు మాదిగలను చంపినారు. అక్కడ జిగురు ఎవరు తేవాల?

ఆ తర్వాతనే 1989లో అత్యాచారాల నిరోధక చట్టం వచ్చింది. ఇది మూడో దారి. సులువైందని మేము చెప్పం. చుండూరులో 1991 ఆగస్టు 6న ఎనిమిది మందిని చంపితే, ఆ ఊళ్ళోనే పెట్టిన ప్రత్యేక కోర్టు 2007లో 21 మందికి యావజ్జీవం వేసింది. తీర్పుకే పదహారేండ్లు. 2014లో హైకోర్టు దాన్ని కొట్టేసింది.

అయినా సరే, రాజీ కాగితం మీద వేలిముద్ర వేయమంటే, వేసేముందు చింపినోడు ఏం తెచ్చినాడని అడగండి. స్టేషనుకు పోతే, 1995 నియమాల ప్రకారం నోటిమాటగా చెప్పినా రాసుకోవాల, చదివి వినిపించాల, నకలు ఊరికే ఇవ్వాల. దర్యాప్తు డీఎస్పీకి తక్కువ కాని అధికారి చేయాల. నకలు చేతికి రాకుండా మాత్రం స్టేషను మెట్లు దిగొద్దండి.